ఖిల్లా జైలు నుంచి సినిమా పాట దాకా.. దాశరథి

నిజామాబాద్ ఖిల్లా అంటే చాలామందికి ముందుగా గుర్తొచ్చేది దాశరథి కృష్ణమాచార్య. 1947-48 రోజుల్లో నిజాం సర్కారు ఆయన్ని ఈ ఖిల్లా జైల్లోనే పెట్టింది. రచయిత వట్టికోట ఆళ్వారుస్వామి కూడా అప్పుడు అక్కడే ఖైదీ. దాశరథి నిజాం మీద ఘాటైన పద్యాలు కట్టి, జైలు గోడల మీద బొగ్గుతో రాశారు. తర్వాతి ఉద్యమాల్లో ఆయన పద్యాలే నినాదాలయ్యాయి.

ఇంతవరకు అందరికీ తెలిసిన కథే. కానీ ఇంకో సగం కథ ఉంది. అది మన ఇళ్లల్లో పిల్లలకు చెప్పాల్సిన కథ.

1925 జూలై 22న ఇప్పటి మహబూబాబాద్ జిల్లా చిన్నగూడూరులో దాశరథి పుట్టారు. ఇంట్లో తెలుగు, సంస్కృతం. ఆ రాజ్యంలో బడి చదువు మాత్రం ఉర్దూలో. ఆయన కొట్లాడింది నిజాం రాచరికంతో, ఉర్దూతో కాదు. పాలకుడు వేరు, భాష వేరు అని ఆయన బతుకే చెప్తుంది. రాజు పోయినా ఆయన ఉర్దూని వదల్లేదు. మీర్జా గాలిబ్ షాయిరీని 'గాలిబ్ గీతాలు' పేరుతో తెలుగు చేశారు. ఆ పుస్తకాన్ని అంకితమిచ్చింది ఎవరికో కాదు, సినిమా హీరో అక్కినేని నాగేశ్వరరావుకు.

1961లో ఆయన పాటలు తెరకెక్కాయి. 'వాగ్దానం', 'ఇద్దరు మిత్రులు' రెండూ అక్కినేని సినిమాలే. రెండో దాంట్లో ఒక పాట 'ఖుషీ' అనే మాటతోనే మొదలవుతుంది. ఉర్దూ రాని ఊళ్లలో కూడా జనం ఆ పాట పాడుకున్నారు. అది ఎవరి భాష అని ఎవరూ అడగలేదు.

ఆ రోజుల్లో ఇది చిన్న విషయం కాదు. తెలుగు సినిమా కోస్తా మాటనే అసలు తెలుగు అన్నట్టు చూపించింది. తెలంగాణ యాస, ఉర్దూ కలిసిన మాట చాలా కాలం నవ్వించే పాత్రలకో, రౌడీలకో దక్కింది. థియేటర్లో తన మాటకే నవ్వులు విన్న పిల్లవాడు బయట నోరు విప్పడానికి జంకుతాడు. దాశరథి అదే తెరమీదకి ఉర్దూ మాటని ప్రేమపాటగా తెచ్చారు.

బోధన్ వాళ్లకి ఈ సంగతి విడమరిచి చెప్పక్కర్లేదు. చక్కెర ఫ్యాక్టరీ ఉన్న చోటు పేరే షక్కర్‌నగర్. చెరుకు పండించే రైతుల్లో ఇక్కడోళ్లూ ఉన్నారు, కోస్తా నుంచి వచ్చి నిజాంసాగర్ నీళ్ల కింద క్యాంపులు కట్టుకున్నోళ్లూ ఉన్నారు. బజారులో ఉర్దూ, తెలుగు ఒకే వాక్యంలో కలిసిపోతాయి. ఫ్యాక్టరీ మూతపడ్డా ఆ మాట మూతపడలేదు.

1974లో 'తిమిరంతో సమరం' పుస్తకానికి సాహిత్య అకాడమీ అవార్డు వచ్చింది. తర్వాత ఆంధ్రప్రదేశ్ ఆస్థాన కవిగా ఉన్నారు. 1987 నవంబర్ 5న కన్నుమూశారు.

ఇప్పుడు సినిమాల్లో తెలంగాణ యాస హీరో నోట వినిపిస్తోంది. మంచిదే. కానీ తెరమీద ముస్లిం పాత్ర రాగానే వచ్చీరాని తెలుగు పెట్టి నవ్వించే అలవాటు ఇంకా పూర్తిగా పోలేదు. మన పిల్లలు ఇంట్లో ఉర్దూ, బడిలో తెలుగు మాట్లాడుతున్నారు. రెండూ వాళ్లవే. దేనికీ సిగ్గుపడక్కర్లేదని చెప్పడానికి, ఖిల్లా గోడ మీద తెలుగు పద్యం రాసి గాలిబ్‌ని తెలుగు చేసిన ఈ కవిని చూపిస్తే చాలు.