లియోన్ సామాన్యులకు పెద్దపీట: ఒక పుస్తకానికి యాభై ఏళ్ల పండుగ

నటాలీ జీమన్ డేవిస్ ఎనిమిది వ్యాసాల సంపుటి ‘సొసైటీ అండ్ కల్చర్ ఇన్ ఎర్లీ మోడర్న్ ఫ్రాన్స్’ 1975లో వెలువడింది. స్వర్ణోత్సవం చేసుకున్న ఆ పుస్తకానికీ, యూరప్ నగరాల సామాన్యులకు చరిత్రలో పెద్దపీట వేసిన ఆ విదుషీమణికీ మనసారా అభినందనలు.

16వ శతాబ్దంలో లియోన్ సంతలకు, పట్టుకు, అచ్చు పనికి పేరుమోసిన ఫ్రెంచి నగరం. డేవిస్ అక్కడి అచ్చుకూటాల్లో అక్షరాలు కూర్చే, సిరా పూసే పనివాళ్ల దగ్గరికి వెళ్లారు. యజమానులు పెట్టే తిండి బాగాలేదని, కూలి చాలడం లేదని, అప్రెంటిస్‌లను మితిమీరి చేర్చుకుంటున్నారని 1539లో వాళ్లు సమ్మె చేశారు. వాళ్లకు సొంత రహస్య సంఘం ఉండేది. చాలామంది ప్రొటెస్టెంట్ మతం వైపు మొగ్గారు. ఆ కొత్త చర్చి కూడా తమ సంఘాన్ని అణచబోయేసరికి దూరం జరిగారు. కూలినీ, భక్తినీ, ఆత్మగౌరవాన్నీ కలిపి చూస్తేనే వాళ్లు అర్థమవుతారని ఆమె నిరూపించారు.

1529లో ధాన్యం కోసం అల్లర్లు, 1531లో కరవు. ఆ తర్వాత 1534లో నగరం శాశ్వత సహాయ సంస్థను నెలకొల్పింది. బిచ్చమెత్తడాన్ని నిషేధించి, పేదలకు వారం వారం రొట్టె, డబ్బు పంచింది. ఇది ఒక్క మతం వారి ఘనత కాదనీ, కాథలిక్కులూ, సంస్కరణవాదులూ చేయి కలిపిన ఫలమనీ తేల్చింది డేవిస్ పరిశోధనే. మతకల్లోలాలపై రాసిన వ్యాసంలో ఆమె మరింత లోతుకు దిగారు. ఆ గుంపులు ఒళ్లు తెలియని ఉన్మాదంతో విరుచుకుపడలేదు. పూజారులూ న్యాయాధికారులూ చేయాల్సిన పని తామే చేస్తున్నామన్న నమ్మకంతో, ఒక తంతు ప్రకారం కదిలాయి. హింసను సమర్థించకుండానే దాని మూలాలను అర్థం చేసుకునే దారిని చరిత్రకారులకు చూపిన వ్యాసమది.

ఈ చదువు ఆమెకు సుళువుగా అబ్బలేదు. కమ్యూనిస్టుల వేట సాగుతున్న 1952లో అమెరికా ప్రభుత్వం ఆమె, ఆమె భర్త పాస్‌పోర్టులు లాక్కుంది. లియోన్ దస్తావేజుల దారి మూసుకుపోయింది. ముగ్గురు పిల్లలను పెంచుతూనే, న్యూయార్క్ గ్రంథాలయాల్లో దొరికిన నాటి లియోన్ ముద్రణలను ఆధారం చేసుకుని పని కొనసాగించి, 1959లో డాక్టరేట్ అందుకున్నారు. 1971లో టొరంటోలో జిల్ కెర్ కాన్వేతో కలిసి స్త్రీల చరిత్ర బోధనకు బాట వేశారు. 1983లో ‘ది రిటర్న్ ఆఫ్ మార్టిన్ గేర్’తో ఒక పల్లె కుటుంబం కథను లోకమంతటికీ చేర్చారు. 2010లో హోల్బెర్గ్ బహుమతి ఆమెను వరించింది.

2023లో, 94 ఏళ్ల వయసులో ఆమె కన్నుమూశారు. 2028 ఆమె శతజయంతి సంవత్సరం. సంతకం పెట్టడం రాని మనిషికి కూడా ఆలోచన ఉంటుందని, దాన్ని ఓపికగా వెతికి పట్టుకోవచ్చని నేర్పిన ఈ వ్యాస సంపుటి తరతరాల విద్యార్థుల చేతుల్లో నలుగుతూ నిండు నూరేళ్లు వర్ధిల్లాలి!