గుర్రమెక్కలేని రౌతును తెరకెక్కించిన లూయీ లూమియేర్

గుర్రమెక్కడానికి ఒక వ్యక్తి ప్రయత్నిస్తుంటాడు. మరొకరు సాయపడుతుంటారు, ఇంకొకరు చూస్తుంటారు. అతడు పదే పదే విఫలమవుతాడు. 1895లో ఫ్రాన్స్‌లో తీసిన ‘లా వోల్టీజ్’ అనే మూకీ చిత్రంలో ఉన్నది ఇంతే. నిడివి 46 సెకన్లు. దాన్ని తీసిన లూయీ లూమియేర్ ప్రపంచ సినిమాకు ఆద్యుల్లో ఒకరు.

వోల్టీజ్ అంటే గుర్రంపై చేసే వ్యాయామ విన్యాసం. 1920 ఆంట్వెర్ప్ ఒలింపిక్స్‌లో ఒకే ఒక్కసారి పోటీగా నిలిచిన అరుదైన క్రీడ ఇది.

లూయీ 1864 అక్టోబరు 5న బెజాన్సోన్‌లో జన్మించారు. తండ్రి ఆంత్వాన్ చిత్రకారుడు, ఫొటోగ్రాఫర్. ఆ కుటుంబం లియోన్‌లో స్థిరపడింది. అక్కడ నెలకొల్పిన ఫొటో పలకల కర్మాగారం తొలినాళ్లలో నష్టాల పాలైంది. యుక్తవయసులోనే లూయీ మెరుగుపరచిన పొడి పలకలు ఆ సంస్థను నిలబెట్టాయి.

అమెరికాలో ఎడిసన్ సంస్థ రూపొందించిన కైనెటోస్కోప్‌లో కదిలే బొమ్మలను ఒక్కొక్కరే పెట్టెలోకి తొంగి చూడాలి. ఆ దృశ్యాన్ని పదిమందీ కలిసి చూసేలా తెరపైకి తేవడం ఎలా అన్నదే లూమియేర్ల ముందున్న సమస్య. ఫిల్మును ఆపి ఆపి జరిపే పద్ధతిని లూయీ కుట్టుమిషను నుంచి గ్రహించారు. చిత్రీకరణ, ముద్రణ, ప్రదర్శన మూడూ ఒకే యంత్రంతో సాధ్యమయ్యాయి. అన్న ఆగస్ట్‌తో కలిసి 1895 ఫిబ్రవరి 13న సినిమాటోగ్రాఫ్‌కు పేటెంటు పొందారు.

అదే ఏడాది డిసెంబరు 28న పారిస్‌లోని గ్రాండ్ కఫేలో టికెట్టు పెట్టి పది చిత్రాలు ప్రదర్శించారు. ప్రవేశ రుసుము ఒక ఫ్రాంకు. కర్మాగారం నుంచి కార్మికులు బయటకు వచ్చే దృశ్యం తర్వాత రెండో చిత్రంగా వచ్చింది లా వోల్టీజ్. ఆరితేరిన రౌతు విజయాన్ని కాక, గుర్రం ఎక్కలేని మనిషి అవస్థను తొలి ప్రేక్షకులు చూశారు. తెర మీద హాస్యానికి అప్పటికే చోటు దొరికింది.

1896 జూలై 7న బొంబాయిలోని వాట్సన్ హోటల్‌లో లూమియేర్ చిత్రాల ప్రదర్శనతో భారతదేశం సినిమాను తొలిసారి చూసింది.

తర్వాత లూయీ దృష్టి రంగుల ఛాయాచిత్రాల వైపు మళ్లింది. సోదరుల ఆటోక్రోమ్ పలకలు 1907లో విపణికి వచ్చాయి. 1948 జూన్ 6న బాందోల్‌లో ఆయన కన్నుమూశారు. ఆ గుర్రం, ఆ రౌతు, ఆ తడబాటు మాత్రం ఫిల్ముపై చెక్కుచెదరలేదు.