విశాఖ చేపల పేర్లను పుస్తకంలో రాసిన డాక్టర్: పాట్రిక్ రస్సెల్ జీవితం

హైదరాబాద్: జూబ్లీహిల్స్, ఫిల్మ్‌నగర్‌లలో సినిమాకు కావాల్సినవి దాదాపు అన్నీ దొరుకుతాయి, సముద్రం ఒక్కటి తప్ప. హీరో అలల ముందు నిలబడి డైలాగ్ చెప్పాలంటే యూనిట్ మొత్తం విశాఖపట్నం బయల్దేరాల్సిందే. అందుకే మన సినిమాల్లో ఆ తీరం అందరికీ చూసిన చోటులా అనిపిస్తుంది. ఆ తీరంలో ఏయే చేపలున్నాయో, వాటిని అక్కడి జనం ఏమని పిలుస్తారో రెండు వందలకు పైగా ఏళ్ల కిందటే ఒక డాక్టర్ రాసిపెట్టారని మాత్రం చాలామందికి తెలియదు. ఆయన పేరు పాట్రిక్ రస్సెల్. విశాఖకు రాకముందు ఆయన ఇరవై ఏళ్లు గడిపింది ఒక ముస్లిం నగరంలో.

హలబ్‌లో ఇరవై ఏళ్లు

రస్సెల్ పుట్టింది స్కాట్లాండ్‌లోని ఎడిన్‌బరోలో. అక్కడే వైద్యం చదివారు. సవతి అన్న అలెగ్జాండర్ అప్పటికే సిరియాలోని అలెప్పోలో డాక్టర్‌గా ఉన్నారు. అరబీలో ఆ ఊరి పేరు హలబ్. ఉస్మానియా సుల్తానుల పాలనలో అది పెద్ద వ్యాపార కేంద్రం. పట్టు, సుగంధ ద్రవ్యాలు అక్కడి నుంచే యూరప్ వెళ్లేవి. 1750లో తమ్ముడు కూడా అక్కడికి చేరారు. మూడేళ్ల తర్వాత అన్న ఇంగ్లండ్ వెళ్లిపోవడంతో, అక్కడి ఇంగ్లిష్ వర్తకుల సంస్థకు పాట్రికే వైద్యుడయ్యారు.

ఆయన వైద్యం వర్తకులతోనే ఆగలేదు. ఊళ్లోని ముస్లిం, క్రైస్తవ, యూదు కుటుంబాలన్నిటికీ చేశారు. అరబీ నేర్చుకున్నారు. 1760 నుంచి 1762 వరకు హలబ్‌ను ప్లేగు పట్టి పీడించింది. మొన్నటి కోవిడ్ రోజులు చూసినవాళ్లకు ఆ భయం ఎలాంటిదో వేరే చెప్పక్కర్లేదు. రస్సెల్ ఊరు వదిలిపోలేదు. జబ్బు ఎలా మొదలైంది, ఎలా పాకింది, ఎప్పుడు తగ్గింది అన్నీ రాసుకుంటూ పోయారు. ఆ రాతలే 1791లో ప్లేగు మీద పెద్ద పుస్తకంగా వచ్చాయి. క్వారంటైన్ ఎలా పెట్టాలన్నది కూడా అందులో ఉంది.

ఆయన తీరు తెలియాలంటే ఒక సంగతి చెప్పుకోవాలి. ఒకసారి వైద్యం కోసం ఒక పెద్దింటి జనానాకు వెళ్లారు. తన ఒక్కగానొక్క బిడ్డకు ఇంకా మసూచి రాలేదని, వస్తే ఏమవుతుందోనని ఆ ఇంటి ఇల్లాలు బెంగపడుతోంది. అక్కడే కూర్చున్న ఒక ముసలి బెదూయిన్ స్త్రీ, తమవాళ్లలో సూదితో టీకా వేసే అలవాటు ఎప్పటినుంచో ఉందని చెప్పింది. చదువుకున్న డాక్టర్ ఆ మాటను కొట్టిపారేయలేదు. ఇంకా చాలామందిని అడిగి, అరబ్బుల్లో ఈ పద్ధతి ఎంత దూరం పాకి ఉందో విచారించి అన్నకు ఉత్తరం రాశారు. 1768లో లండన్‌లోని రాయల్ సొసైటీ దాన్ని అచ్చువేసింది. తెలిసినవాళ్లు ఎవరైనా సరే, వాళ్లను అడిగి తెలుసుకోవడం ఆయన అలవాటు. విశాఖలో కూడా ఆ అలవాటే పనికొచ్చింది.

విశాఖకు రాక

హలబ్ నుంచి తిరిగి వెళ్లాక కొన్నాళ్లు లండన్‌లో ప్రాక్టీస్ చేశారు. 1777లో రాయల్ సొసైటీ సభ్యుడయ్యారు. ఇక హాయిగా స్థిరపడాల్సిన వయసు. కానీ 1781లో ఇంకో తమ్ముడు క్లాడ్ రస్సెల్ ఈస్ట్ ఇండియా కంపెనీ తరఫున విశాఖపట్నం పాలనాధికారిగా వస్తుంటే, పాట్రిక్ కూడా వెంట వచ్చేశారు. అప్పటికి ఆయన వయసు యాభై దాటింది.

ఆ రోజుల్లో మద్రాసు వైపు మొక్కల మీద పని చేస్తున్నది కోనిగ్ అనే పండితుడు. ఆయన మొదట ఆర్కాటు నవాబు కొలువులో ఉండి, తర్వాత కంపెనీలో చేరారు. 1785లో కాకినాడ దగ్గర జగన్నాథపురంలో చనిపోయారు. ఆ ఉద్యోగం రస్సెల్‌కు వచ్చింది. కంపెనీ ఇదంతా ఊరికే చేయలేదు. ఏ మొక్క రంగుకు పనికొస్తుంది, ఏది మందుకు పనికొస్తుంది, దేనితో వ్యాపారం చేయొచ్చు అన్నదే దాని లెక్క. రస్సెల్ కూడా ఆ పనికే జీతం తీసుకున్నారు. కానీ ఆయన చూపు మొక్కల దగ్గరే ఆగలేదు, పాముల మీదకీ చేపల మీదకీ పోయింది.

పాము కాటుతో చనిపోయేవాళ్లను చూసి, ఏది విషపుదో ఏది కాదో తేల్చే పని పెట్టుకున్నారు. కోరలు పరీక్షించారు, విషం మీద ప్రయోగాలు చేశారు, పాముల తెలుగు పేర్లు రాసుకున్నారు. ఈ పుస్తకం మొదటి భాగం 1796లో వచ్చింది. మనం రక్తపింజర అనే పాముకు ఆయన విన్న పేరు కటుక రేకుల పొడ. ఈరోజు ఆ పామును ప్రపంచమంతా రస్సెల్ పేరుతోనే పిలుస్తోంది.

రెండు వందల చేపలు

ఇక చేపల సంగతి. చేపను నీళ్లలోంచి తీశాక రంగు ఎక్కువసేపు నిలవదు. తీరప్రాంతపు ఎండలో చేప కూడా నిలవదు. అప్పట్లో ఐస్ లేదు, కెమెరా లేదు. అందుకే వల ఒడ్డుకు వచ్చిన వెంటనే చూడాలి, కొలవాలి, బొమ్మ గీయించాలి. మత్స్యకారుల సాయం లేకుండా ఇందులో ఒక్క అడుగు కూడా పడదు. ఏ చేప ఏ కాలంలో పడుతుందో, చూడటానికి ఒకేలా ఉన్న రెండు చేపలకు తేడా ఏమిటో వాళ్లకే తెలుసు. బొమ్మలు గీసింది మన దేశపు చిత్రకారులే.

రస్సెల్ 1789లో ఇంగ్లండ్ తిరిగి వెళ్లారు. విశాఖలో సేకరించిన రెండు వందల చేపల వర్ణనలు, బొమ్మలు 1803లో లండన్‌లో రెండు సంపుటాలుగా అచ్చయ్యాయి. పుస్తకం పేరులోనే వైజాగపటం ఉంది. అందులో చాలా చేపలకు ఆయన కొత్త లాటిన్ పేర్లు పెట్టలేదు. విశాఖలో విన్న పేరునే ఇంగ్లిష్ అక్షరాల్లో రాశారు. పేజీలు తిప్పుతుంటే సొరలు కనిపిస్తాయి, టెంకిలు కనిపిస్తాయి. స్పెల్లింగ్ వింతగా ఉన్నా, పైకి చదివితే తెలుగే వినిపిస్తుంది.

తర్వాత జరిగింది ఇంకా ఆసక్తికరం. ఆ కాలంలో పారిస్‌లో జార్జ్ క్యువియే అనే పెద్ద జంతుశాస్త్రవేత్త ఉండేవారు. ఆయన ఎప్పుడూ ఇండియా రాలేదు. కానీ రస్సెల్ పుస్తకం చూసి, అందులోని కానగుర్త అనే పేరునే 1816లో ఒక చేపకు శాస్త్రీయ నామంగా పెట్టారు. అదే మనం కానాగంత అని, ఉర్దూ మాట్లాడే ఇళ్లలో బంగ్డా అని కొనుక్కునే చేప. ఇప్పుడు దాని శాస్త్రీయ నామం రాస్ట్రెలిగర్ కానగుర్త. ఆఫ్రికా తీరం నుంచి ఇండోనేషియా దాకా ఏ శాస్త్రవేత్త రాసినా ఆ చేపను ఈ తెలుగు పేరుతోనే రాయాలి. బరకూడా జాతిలోని ఒక చేప పేరు స్ఫైరీనా జెల్లో. ఆ జెల్లో కూడా రస్సెల్ విశాఖలో విన్న మాటే.

అరబీకి కూడా ఇలాంటి చరిత్ర ఉంది. 1760లలో పీటర్ ఫోర్స్‌కాల్ అనే యువ పండితుడు ఎర్ర సముద్రం తీరంలో అరబ్ జాలర్లను అడిగి చేపల పేర్లు రాసుకున్నారు. ఆయన యమన్‌లోనే జబ్బుచేసి చనిపోయారు. పుస్తకం 1775లో వచ్చింది. దొరాబ్, జర్బువా లాంటి అరబీ పేర్లు అలా శాస్త్రంలో నిలిచాయి. అదే ఎర్ర సముద్రంలో దొరికిన ఇంకో చేపకు 1830లో రూపెల్ అనే జర్మన్ యాత్రికుడు రస్సెల్ పేరు పెట్టారు. ఆ చేప మన తీరంలోనూ దొరుకుతుంది.

పుస్తకం మీద లేని పేర్లు

రస్సెల్ పెళ్లి చేసుకోలేదు. 1805 జులైలో, చేపల పుస్తకం వచ్చిన రెండేళ్లకు లండన్‌లో చనిపోయారు. పాముకు, చేపకు ఆయన పేరు మిగిలింది. చేపలు పట్టి తెచ్చి, పేర్లు చెప్పినవాళ్ల పేర్లు మాత్రం పుస్తకం అట్ట మీద లేవు. హలబ్‌లో టీకా సంగతి చెప్పిన ఆ ముసలావిడ పేరూ మనకు మిగల్లేదు. వాళ్లు చెప్పిన మాటలు నిలిచాయి, చెప్పినవాళ్లు నిలవలేదు. రస్సెల్ కాలంలో పుస్తకాలు రాసే పద్ధతే అది. అయినా వాళ్లను అడిగిన మనిషిగా ఆయనకు దక్కాల్సిన గౌరవం దక్కాలి. అడగకుండానే కొత్త పేర్లు పెట్టి పోయినవాళ్లు చాలామంది ఉన్నారు.

ఈరోజు సముద్ర శాస్త్రం చదవాలనుకునే పిల్లలకు దారులు చాలా ఉన్నాయి. విశాఖలోని ఆంధ్ర విశ్వవిద్యాలయంలో 1950ల నుంచే ఈ చదువు ఉంది. సముద్రం లేని హైదరాబాద్‌లోనే, ప్రగతినగర్ దగ్గర, జాతీయ సముద్ర సమాచార కేంద్రం ఇన్‌కాయిస్ ఉంది. చేపలు ఎక్కువగా దొరికే చోట్లు ఎక్కడో అది మత్స్యకారులకు తెలుగులో కూడా చెబుతోంది. రస్సెల్ పుస్తకం డిజిటల్ కాపీ ఇంటర్నెట్‌లో ఉచితంగా చూడొచ్చు. ఇంగ్లిష్ కష్టమనిపించినా, బొమ్మ చూసి కింద పేరు చదవడం స్కూలు పిల్లలు కూడా చేయగలరు.

ఈసారి రామ్‌నగర్ చేపల మార్కెట్‌కు వెళ్తే పిల్లల్ని కూడా తీసుకెళ్లండి. అమ్మేవాళ్లను పేర్లు అడిగి, నోట్‌బుక్‌లో రాయించండి. చెప్పినవాళ్ల పేరు కూడా పక్కనే రాయమనండి.