గిర్మిట్‌ను చింపించిన ఇంగ్లిష్ మాస్టారు

విదేశంలో ఉద్యోగం అని ఎవరో ఫోన్ చేస్తారు. జీతం బాగుంది, వీసా మేమే చూసుకుంటాం, సంతకం పెడితే చాలంటారు. ఇచ్ఛాపురం నుంచి బొబ్బిలి దాకా ఇలాంటి ఫోన్లు అందుకోని ఊరు తక్కువ. వెళ్లి బాగుపడినవాళ్లు ఉన్నారు. మోసపోయి, ఉన్న పొలం అమ్ముకుని తిరిగొచ్చినవాళ్లూ ఉన్నారు. మరి మోసపోయినప్పుడు ఏం చేయాలి? మనసు రెండే దారులు చూపిస్తుంది. ఏజెంటు కాలర్ పట్టుకోవడం ఒకటి, తలరాత అనుకుని ఇంట్లో కూర్చోవడం రెండోది. మూడో దారి కూడా ఉందని వందేళ్ల కిందట ఒకాయన చేసి చూపించారు. ఆయన పేరు చార్లెస్ ఫ్రీర్ ఆండ్రూస్. జనం దీనబంధు అని పిలుచుకున్నారు. పుట్టింది ఇంగ్లండ్‌లో అయినా, ఆయన కథలో సగం మన తాతముత్తాతల కథే.

తండ్రి దగ్గర నేర్చిన మొదటి పాఠం

ఆండ్రూస్ 1871 ఫిబ్రవరి 12న న్యూకాజిల్‌లో పుట్టారు. తండ్రి చర్చి సేవకుడు. కుటుంబం బర్మింగ్‌హామ్‌లో స్థిరపడింది. తల్లి పేరిట ఉన్న కాస్త ఆస్తి కుటుంబ స్నేహితుడి చేతిలో ఉండేది. నమ్మకంగా చూసుకోవాల్సిన ఆ మనిషి దాన్ని సట్టా వ్యాపారంలో పోగొట్టాడు. ఇల్లు ఒక్కసారిగా పేదరికంలోకి జారిపోయింది. ఆ రోజు కుటుంబ ప్రార్థనలో తండ్రి ఆ స్నేహితుణ్ని ఒక్క మాట కూడా తిట్టలేదు, అతని కోసం ప్రార్థించారు. పిల్లవాడు అది చూశాడు, జీవితాంతం మర్చిపోలేదు.

ఇక్కడ ఒక విషయం గమనించండి. తండ్రి క్షమించినంత మాత్రాన పోయిన డబ్బు తిరిగి రాలేదు. ఇంటిల్లిపాదీ కష్టపడాల్సి వచ్చింది. ఆండ్రూస్ కూడా కష్టపడి చదివి కేంబ్రిడ్జి దాకా వెళ్లారు. శత్రువును ప్రేమించమని ఏసు కొండ మీద చెప్పిన బోధ ఆయనకు పుస్తకంలో కంటే ముందు ఇంట్లోనే కనిపించింది. దానికి చెల్లించాల్సిన ధర కూడా అక్కడే తెలిసింది.

చేతికొచ్చిన కుర్చీ వద్దన్నారు

కేంబ్రిడ్జిలోని పెంబ్రోక్ కాలేజీలో చదివి, 1897లో పాస్టర్‌గా అభిషేకం పొందారు. దక్షిణ లండన్ మురికివాడల్లో పనిచేశారు. తర్వాత అదే పెంబ్రోక్‌లో ఫెలో అయ్యారు. అక్కడే ఉండిపోతే హాయిగా గడిచిపోయేది. కానీ 1904లో ఢిల్లీ సెయింట్ స్టీఫెన్స్ కాలేజీలో పాఠాలు చెప్పడానికి వచ్చేశారు.

కొద్దికాలానికే ప్రిన్సిపాల్ పదవి ఖాళీ అయింది. ఆ రోజుల్లో ఆ కుర్చీ తెల్లవాళ్లకే అన్నది రాయని రూలు. అక్కడ ఎన్నో ఏళ్లుగా పనిచేస్తున్న సుశీల్ కుమార్ రుద్ర అనే భారతీయ అధ్యాపకుడు ఉండగా పైనుంచి ఒక ఇంగ్లిషాయన రావడం అన్యాయమని ఆండ్రూస్ పట్టుబట్టారు. 1906లో రుద్ర ఆ కాలేజీకి తొలి భారతీయ ప్రిన్సిపాల్ అయ్యారు. ఆండ్రూస్ ఆయన కింద సంతోషంగా పనిచేశారు. ప్రమోషన్ల లెక్కలో చూస్తే ఇది నష్టమే. కానీ ఆయన మీద భారతీయులకు నమ్మకం కుదిరింది ఇలాంటి పనుల వల్లే.

రంగం నుంచి ఫిజీ దాకా

ఇప్పుడు మన ఊళ్ల సంగతికి వద్దాం. అప్పట్లో నేటి విజయనగరం జిల్లా ప్రాంతం విశాఖపట్నం జిల్లాలో, శ్రీకాకుళం గంజాం జిల్లాలో ఉండేవి. కరవొచ్చినా అప్పు పెరిగినా జనం పొట్ట చేత పట్టుకుని కలింగపట్నం, భీమునిపట్నం, విశాఖ రేవుల్లో ఓడెక్కేవారు. ఎక్కువమంది వెళ్లింది రంగూన్‌కు. మనవాళ్ల నోట్లో అది రంగం. ఇంకొందరు మద్రాసు రేవు మీదుగా ఇంకా దూరం వెళ్లారు. దక్షిణాఫ్రికాలోని నటాల్‌కు 1860 నుంచి 1911 వరకు లక్షా 52 వేల మంది భారతీయ కూలీలు వెళ్తే, వారిలో అధిక భాగం మద్రాసు నుంచి ఓడెక్కిన తమిళులు, తెలుగువాళ్లే. ఫిజీకి 1879 నుంచి 1916 వరకు సుమారు 60 వేల మంది వెళ్లారు. 1903 తర్వాత మద్రాసు నుంచి కూడా ఓడలు నడవడంతో వారిలో దాదాపు నాలుగో వంతు దక్షిణాదివాళ్లయ్యారు. విశాఖపట్నం, గోదావరి, కృష్ణా జిల్లాల పేర్లు ఆ ఓడల జాబితాల్లో కనిపిస్తాయి.

వాళ్లు వేలిముద్ర వేసిన కాగితం పేరు అగ్రిమెంట్. కూలీల నోట్లో అది గిర్మిట్ అయింది. ఐదేళ్ల ఒప్పందం. ఫిజీ చెరకు తోటల్లో రోజుకింత అని పని కొలిచి ఇచ్చేవారు. అది పూర్తిచేస్తేనే మగవాళ్లకు ఒక షిల్లింగు, ఆడవాళ్లకు తొమ్మిది పెన్నీలు. పనికి రాకపోతే, పూర్తిచేయకపోతే అది క్రిమినల్ నేరం. జరిమానా, జైలు, పైగా ఒప్పందం పొడిగింపు. పది అడుగుల పొడవు, ఏడడుగుల వెడల్పు ఉన్న గదిలో ముగ్గురు మగవాళ్లు సర్దుకోవాలి. వందమంది మగవాళ్లకు నలభైమంది ఆడవాళ్లు అన్న లెక్కన పంపేవారు. ఆ ఒక్క లెక్కతోనే ఎన్ని కాపురాలు కూలాయో చెప్పలేం. తోటల్లో నడిచేది హిందీ. అది రాని తెలుగువాడు తన బాధ చెప్పుకోవడానికి కూడా మాట లేక కుమిలిపోయేవాడు. ఆత్మహత్యలు భయపెట్టేంత ఎక్కువగా ఉండేవి.

కాళ్లకు నమస్కరించిన తెల్లదొర

నటాల్‌లో ఒప్పందం ముగిశాక ఇంటికి వెళ్లకుండా, మళ్లీ ఒప్పందం రాయకుండా ఉండిపోయినవాళ్ల మీద ఏటా మూడు పౌండ్ల పన్ను వేశారు. మొదట్లో కూలీ జీతం నెలకు పది షిల్లింగులు. అంటే ఆర్నెల్ల జీతం పన్నుకే పోతుంది. దీనిపై 1913లో గాంధీ నాయకత్వంలో వేలమంది కూలీలు సమ్మెకు దిగారు. గోపాలకృష్ణ గోఖలే పిలుపుతో ఆండ్రూస్ తాను దాచుకున్న డబ్బంతా ఉద్యమ నిధికి ఇచ్చి, స్నేహితుడు విలియం పియర్సన్‌తో కలిసి బయల్దేరారు. 1914 జనవరి మొదట్లో డర్బన్ రేవులో దిగి, గాంధీ ఎవరో అడిగి తెలుసుకుని, వంగి ఆయన కాళ్లకు నమస్కరించారు. ఒక తెల్లవాడు భారతీయుడి కాళ్లు ముట్టుకోవడమా అని అక్కడి తెల్లవాళ్లు మండిపడ్డారు.

అదే నెలలో ఒక వింత జరిగింది. దక్షిణాఫ్రికాలో తెల్ల రైల్వే కార్మికులు సమ్మె చేశారు. ప్రభుత్వం ఉక్కిరిబిక్కిరైంది. గాంధీ తలపెట్టిన పాదయాత్రను అప్పుడే మొదలుపెడితే ప్రభుత్వం మెడలు వంచడం సులువు. కానీ గాంధీ యాత్రను ఆపేశారు. ఎదుటివాడి కష్టాన్ని మన ఆయుధంగా వాడుకోకూడదన్నది ఆయన లెక్క. ఆండ్రూస్ అటు గాంధీకి, ఇటు జనరల్ స్మట్స్‌కు మధ్య తిరుగుతూ మాట కలిపారు. ఆ నెలలోనే ఇంగ్లండ్‌లో ఆయన తల్లి కన్నుమూశారు. కడసారి చూపు దక్కలేదు. జనవరి చివర్లో ప్రాథమిక ఒప్పందం కుదిరింది. ఆ ఏడాదే చట్టం వచ్చి మూడు పౌండ్ల పన్ను రద్దయింది.

కోపానికి బదులు రిపోర్టు

ఆ తర్వాత ఆండ్రూస్ పాస్టర్ పదవి, దాంతో వచ్చే భద్రత వదులుకుని శాంతినికేతన్ చేరారు. 1915లో మళ్లీ పియర్సన్‌తో కలిసి ఫిజీకి వెళ్లారు. అక్కడ ఆయన పనిచేసిన తీరు ఉద్యోగార్థులైన మీకు ముఖ్యం. వారాల తరబడి తోట తోటా తిరిగారు. కూలీల గదుల్లోకి వెళ్లారు. ఆస్పత్రుల గురించి, కోర్టు శిక్షల గురించి వాకబు చేశారు. తోటల యజమానులను, కంపెనీ మేనేజర్లను, ప్రభుత్వ అధికారులను కూడా కలిసి వాళ్ల మాటా విన్నారు. 1916 ఫిబ్రవరిలో రిపోర్టు బయటపెట్టారు. అందులో తప్పుపట్టింది ముఖ్యంగా ఆ పద్ధతిని. ఒక చెడ్డ మేనేజరును తీసేస్తే సరిపోదు, మంచివాణ్ని కూడా చెడగొట్టే కాగితం అది అన్నది ఆయన వాదన సారాంశం.

శత్రువును ప్రేమించడం అంటే ఆయన లెక్కలో అదే. అన్యాయాన్ని ఉన్నదున్నట్టు చెప్పాలి, చేసినవాణ్ని మాత్రం రాక్షసుడిగా చిత్రించకూడదు. యజమాని కూడా మారగల మనిషే అనుకుంటేనే అతనితో మాట్లాడగలం. మాట్లాడితేనే ఏదైనా కదులుతుంది.

ఇది ఆయన ఒక్కరి గెలుపు కాదు. గోఖలే 1912లోనే రద్దు తీర్మానం పెట్టి ఓడారు. 1916 మార్చిలో మదన్ మోహన్ మాలవీయ మళ్లీ పెట్టారు. వైస్రాయ్ హార్డింజ్ ఒప్పుకున్నారు. అయితే రద్దును ఇంకో ఐదేళ్లు సాగదీసే ఆలోచన ఉందని తెలిసి ఆండ్రూస్, గాంధీ, ఇంకా ఎందరో దేశమంతా గొంతెత్తారు. 1917 మార్చిలో కూలీలను తీసుకెళ్లడం ఆగింది. ఆండ్రూస్ ఆ ఏడాదే రెండోసారి ఫిజీ వెళ్లి అక్కడున్నవాళ్ల కోసం పోరాడారు. 1920 జనవరి 1న మిగిలిన గిర్మిట్లన్నీ రద్దయ్యాయి.

సొంతవాళ్లకూ ఎదురు చెప్పారు

ఆండ్రూస్ అహింస ఒక వైపుకే వంగేది కాదు. 1918లో మొదటి ప్రపంచయుద్ధం కోసం గాంధీ గుజరాత్‌లో సైనికులను చేర్పించే పనికి దిగినప్పుడు, అహింస చెప్పే మనిషి యుద్ధానికి మనుషుల్ని పంపడమేంటని నిలదీశారు. 1921లో విదేశీ బట్టల దహనాన్నీ వ్యతిరేకించారు. చలికి వణికేవాళ్లు ఉన్న దేశంలో బట్ట కాల్చడం, దాంతోపాటు మనసులో పరాయివాడి మీద ద్వేషం రగిలించడం ఆయనకు నచ్చలేదు. స్నేహం మాత్రం చెడలేదు.

జలియన్‌వాలాబాగ్ కాల్పుల తర్వాత పంజాబ్‌లో అడుగుపెట్టబోతే సొంత ప్రభుత్వమే ఆయన్ను అడ్డుకుంది. ఆంక్షలు తీరాక వెళ్లి ఊరూరా తిరిగి, తన దేశస్థులు చేసినదానికి బాధితుల ముందు తలవంచి క్షమాపణ అడిగారు. ఇంగ్లిషువాళ్లకు ఆయన ద్రోహిలా కనిపించారు, కొందరు భారతీయులకు అనుమానితుడిలా కనిపించారు. మధ్యలో నిలబడేవాడికి రెండు వైపుల నుంచీ రాళ్లు తప్పవు. 1925లోనూ 1927లోనూ అఖిల భారత ట్రేడ్ యూనియన్ కాంగ్రెస్‌కు అధ్యక్షుడయ్యారు. 1940 ఏప్రిల్ 5న కలకత్తాలో మరణించారు. అక్కడే సమాధి చేశారు.

మీకేంటి ఇందులో?

గిర్మిట్ పోయింది కానీ దాని నీడ పోలేదు. 2024లో విశాఖ పోలీసులు బయటపెట్టిన కంబోడియా వ్యవహారం గుర్తుందా? డేటా ఎంట్రీ ఉద్యోగమని నమ్మి వెళ్లిన యువకులను నిర్బంధించి సైబర్ మోసాలు చేయించారు. అప్పుడు ఓడ, ఇప్పుడు విమానం. చేతిలో పెట్టే కాగితం మాత్రం అదే రకం. ఆండ్రూస్ పద్ధతిని ఇవాళ్టికి అన్వయించుకుంటే ఇలా ఉంటుంది:

• వెళ్లేముందు కాగితం చదవండి. పని ఏమిటి, జీతం ఎంత, మానేస్తే ఏమవుతుంది అన్నవి రాతపూర్వకంగా అడగండి. ఏజెంటుకు రిజిస్ట్రేషన్ ఉందో లేదో ఈ-మైగ్రేట్ పోర్టల్‌లో చూడండి.

• మోసం జరిగితే ముందు ఆధారాలు కూడబెట్టండి. తేదీలు, రసీదులు, మెసేజ్‌లు, తోటివాళ్ల వాంగ్మూలాలు. విదేశంలో చిక్కుకుంటే భారత రాయబార కార్యాలయానికి, మదద్ పోర్టల్‌కు ఫిర్యాదు చేయవచ్చు.

• క్షమించడం అంటే ఫిర్యాదు మానేయడం కాదు. ఏజెంటు ఇంటి మీద పడితే కేసు మీ మీద అవుతుంది. పూర్తి వివరాలతో ఫిర్యాదు ఇస్తే అతని చేతిలో మోసపోబోయే తర్వాతి కుర్రాడు కూడా బయటపడతాడు.

• ఎదుటివైపు మాట వినండి. ఆఫీసులో మీ మీద కత్తి కట్టిన సీనియరైనా, ఇంటర్వ్యూలో వెనక్కి పంపిన అధికారైనా సరే. విన్నంత మాత్రాన లొంగిపోయినట్టు కాదు.

ఆండ్రూస్‌కు సొంత ఇల్లు లేదు, నెలజీతం లేదు. చెప్పుకోవడానికి పెద్ద హోదా కూడా మిగుల్చుకోలేదు. కానీ మన జిల్లాల నుంచి ఓడెక్కి, ఊరి పేరు కూడా సరిగా రాయించుకోలేకపోయిన మనుషుల మెడ మీద నుంచి ఒక ఉరితాడు తీయించడంలో ఆయన చెయ్యి ఉంది. ఎవరినీ ద్వేషించకుండానే తీయించారు. ఈసారి సంతకం చేయమని ఎవరైనా కాగితం ముందు పెడితే, ఒక నిమిషం ఆగి ఆ మనుషుల్ని తలచుకోండి. చివరి లైను దాకా చదివాకే పెన్ను పట్టండి.