బన్సీ చంద్రగుప్త

బన్సీ చంద్రగుప్త (1924 - జూన్ 27, 1981) భారతీయ చలనచిత్ర రంగంలో ప్రసిద్ధుడైన కళా దర్శకుడు. సత్యజిత్ రాయ్ తొలి చిత్రమైన పథేర్ పాంచాలి మొదలుకొని ఆయన తీసిన అనేక చిత్రాలకు సెట్లు రూపొందించాడు. స్టూడియోలో కట్టిన ఇంటికీ, నిజమైన ఇంటికీ తేడా తెలియనీయకపోవడం ఈయన పనితనంలోని విశేషం. ఆ కారణం చేతనే, చిత్రాన్ని మెచ్చుకొన్న ప్రేక్షకులు కూడా దాని వెనుకనున్న ఈయన శ్రమను గుర్తించడం అరుదు.

తొలి జీవితం

బన్సీ చంద్రగుప్త నేటి పాకిస్తాన్‌లోని సియాల్‌కోట్‌లో జన్మించాడు. శ్రీనగర్‌లో పెరిగాడు. చిత్రకళపై ఆసక్తి కలిగి, చిత్రకారుడు శుభో ఠాగూర్ ప్రోత్సాహంతో కలకత్తా చేరాడు. 1947లో సత్యజిత్ రాయ్, చిదానంద దాస్‌గుప్తా మొదలైన వారితో కలసి కలకత్తా ఫిల్మ్ సొసైటీ స్థాపనలో పాల్గొన్నాడు.

ఫ్రెంచి దర్శకుడు జాఁ రెన్వార్ ది రివర్ (1951) చిత్రాన్ని బెంగాల్‌లో తీసినప్పుడు, కళా దర్శకుడు యూజీన్ లూరియే వద్ద పనిచేసే అవకాశం లభించింది. పరిసరాలను నిశితంగా పరిశీలించి, వాటి సహజత్వం చెడకుండా తెరకెక్కించే పద్ధతిని ఇక్కడ దగ్గరగా చూడగలిగాడు.

సత్యజిత్ రాయ్ చిత్రాలు

పథేర్ పాంచాలి (1955) కోసం కలకత్తా సమీపంలోని బొరాల్ గ్రామంలో ఒక శిథిల గృహాన్ని అద్దెకు తీసుకొని, కథకు తగినట్లు మార్పులు చేశారు. రాత్రి సన్నివేశాలలో కొన్నింటిని స్టూడియోలో తీశారు. రెండూ ఒకే ఇల్లుగా కనిపించేటట్లు చేయడం కళా దర్శకుని బాధ్యత అయింది.

అపరాజితో (1956) చిత్రంలో కాశీలోని ఒక ఇంటి లోపలి ముంగిలి అవసరమైంది. మొదట దానిని ఆరుబయట కట్టాలని అనుకొన్నా, వర్షాల భయం వలన స్టూడియోలోనే నిర్మించవలసి వచ్చింది. ఆకాశం నుండి ముంగిట్లోకి దిగే వెలుతురుకు గట్టి నీడలు ఉండవు. దానిని విద్యుద్దీపాలతో తేవడం సాధ్యం కాదని ఛాయాగ్రాహకుడు సుబ్రత మిత్ర అభ్యంతరం చెప్పాడు. చివరకు ఆయనే సెట్టు పైభాగాన తెల్లని గుడ్డ అమర్చి, దీపాల కాంతిని దానిమీదికి పంపి, అది పరావర్తనం చెంది కిందికి పడేటట్లు చేశాడు. ఈ విధానం తరువాతి కాలంలో భారతీయ ఛాయాగ్రహణంలో విస్తరించింది.

జల్సాఘర్ (1958)లో జమీందారు భవనం వెలుపలి దృశ్యాలను నిమ్‌తిత రాజభవనం వద్ద తీయగా, సంగీత మందిరం మాత్రం స్టూడియోలో కట్టినదే. మహానగర్ (1963)లో మధ్యతరగతి కుటుంబపు ఇరుకు గదులు, చారులత (1964)లో పంతొమ్మిదవ శతాబ్దపు సంపన్న గృహం, నాయక్ (1966)లో రైలు పెట్టె లోపలిభాగం కూడా సెట్లే. గోపీ గైన్ బాఘా బైన్ (1969) అనే జానపద చిత్రానికీ, 1856 నాటి లక్నో నేపథ్యం గల షత్రంజ్ కే ఖిలాడీ (1977) చిత్రానికీ ఈయనే కళా దర్శకుడు.

ఇతర చిత్రాలు

మృణాల్ సేన్ చిత్రం బైషే శ్రావణ్ (1960)కు కూడా ఈయన పనిచేశాడు. 1970 ప్రాంతంలో బొంబాయికి తరలివెళ్ళి హిందీ, ఇంగ్లీషు చిత్రాలకు పనిచేశాడు. శ్యామ్ బెనెగల్ కలియుగ్ (1981), ముజఫర్ అలీ ఉమ్రావ్ జాన్ (1981), అపర్ణా సేన్ 36 చౌరంగీ లేన్ (1981) వీటిలో ముఖ్యమైనవి. కొన్ని లఘుచిత్రాలకు దర్శకత్వం వహించాడు. ఉత్తమ కళా దర్శకునిగా ఫిల్మ్‌ఫేర్ పురస్కారాన్ని మూడుసార్లు పొందాడు. చివరిది బొంబాయి మురికివాడ జీవితాన్ని చిత్రించిన చక్ర చిత్రానికి, ఈయన మరణానంతరం లభించింది.

మరణం

బన్సీ చంద్రగుప్త 1981 జూన్ 27న అమెరికాలోని న్యూయార్క్ రాష్ట్రంలో మరణించాడు. కథ ముగిసి, చిత్రీకరణ పూర్తికాగానే సెట్లను విప్పివేస్తారు. అందుచేత ఈయన కట్టిన ఇళ్ళు నేడు ఎక్కడా లేవు. ఆ చిత్రాలలో మాత్రమే మిగిలి ఉన్నాయి.