కొత్త టీచరుకు తోడెవరు? గిడుగు వారి జీవితం చెప్పే సమాధానం



ఈ నెల 29న మీ పిల్లలు స్కూల్లో తెలుగు భాషా దినోత్సవం జరుపుకుంటారు. అది గిడుగు వేంకట రామమూర్తి గారి పుట్టినరోజు. వాడుక భాషకు బడిలో చోటు కోసం పోరాడిన మనిషిగా ఆయన మీకు తెలుసు. అయితే ఆయన వృత్తి ఏమిటో గుర్తుందా? బడిపంతులు. ఈ జూన్‌లో మీ పిల్లల తరగతికి కొత్త టీచరు వచ్చి ఉంటే, ఆ సంగతి మీకు పనికొస్తుంది.

రామమూర్తి గారు 1863లో శ్రీముఖలింగం దగ్గర, వంశధార ఒడ్డున ఉన్న పర్వతాలపేటలో పుట్టారు. 1875లో తండ్రి జ్వరంతో చనిపోయారు. అప్పటికి ఆయనకు పన్నెండేళ్లు. మన విశాఖపట్నంలోని మేనమామ గారింట్లో ఉండి చదువు కొనసాగించారు. 1879లో మెట్రిక్యులేషన్ పాసయ్యారు. మరుసటి ఏడే పర్లాకిమిడి రాజావారి బడిలో ఉపాధ్యాయుడిగా చేరారు. జీతం 30 రూపాయలు.

ఒక్కసారి ఊహించండి. పదిహేడేళ్లు నిండీ నిండని కుర్రవాడు. చేతిలో మెట్రిక్యులేషన్ తప్ప మరో చదువు లేదు. ఈ రోజుల్లో అయితే ఆ వయసు పిల్లవాడు ఇంటర్ చదువుతుంటాడు. అలాంటివాడు తరగతి ముందు నిలబడి చరిత్ర పాఠం చెప్పాలి.

ఆయన నేర్చుకోవడం ఆపలేదు. ఉద్యోగం చేస్తూనే ప్రైవేటుగా ఎఫ్.ఏ., ఆ తర్వాత బీఏ పాసయ్యారు. చెప్పేది చరిత్ర కాబట్టి పుస్తకంతో సరిపెట్టుకోకుండా, ముఖలింగం ఆలయాల్లోని శాసనాలను స్వయంకృషితో చదవడం నేర్చుకున్నారు. కొన్నాళ్లకు ఆ బడి కళాశాల అయింది. ఆయన పై తరగతులకు కూడా పాఠాలు చెప్పారు.

పర్లాకిమిడి చుట్టుపక్కల కొండల్లో సవరలు ఉంటారు. వాళ్ల పిల్లలకు బడి లేదు, వాళ్ల భాషకు పుస్తకం లేదు. తెలుగు, సవర రెండూ వచ్చిన మనిషిని ఇంట్లో పెట్టుకుని ఆయన ఆ భాష నేర్చుకున్నారు. అంటే, పిల్లలకు చెప్పబోయే ముందు తానే వాళ్ల దగ్గర విద్యార్థి అయ్యారు. సవర భాషలో వాచకాలు, కథలు, పాటలు తయారుచేశారు. సొంత డబ్బుతో బడులు నడిపారు. కొండల్లో తిరగడం వల్ల చలిజ్వరం పట్టుకుంది. అందుకు వాడిన క్వినైన్ వల్ల చెవుడు వచ్చి, జీవితాంతం ఉండిపోయింది. పిల్లల మాట వినడమే పనిగా పెట్టుకున్న ఉపాధ్యాయుడు వినికిడినే పోగొట్టుకున్నారు.

ఆ పుస్తకాలను మద్రాసు ప్రభుత్వం 1911లో అచ్చువేసి, ఆయనకు పారితోషికం ఇవ్వబోయింది. ఆయన తీసుకోలేదు. ఆ డబ్బుతో మంచి బడి పెట్టమని కోరారు. సవర పిల్లలకు వాళ్ల భాషలోనే చదువు చెప్పేందుకు ట్రైనింగ్ స్కూళ్లు అలా ఏర్పడ్డాయి. ఇది గమనించండి. వాచకం రాసినంత మాత్రాన పని పూర్తి కాదని ఆయనకు తెలుసు. దాన్ని పట్టుకుని తరగతిలోకి వెళ్లే ఉపాధ్యాయుణ్ణి కూడా తయారు చేయాలి.

ఇక విశాఖ సంగతికి వద్దాం. 1907 ప్రాంతంలో జె.ఎ. యేట్స్ అనే ఆంగ్లేయుడు ఈ ఉత్తర జిల్లాలకు పాఠశాలల ఇన్‌స్పెక్టరుగా వచ్చారు. జనం మాట్లాడే తెలుగు ఒకటి, పుస్తకాల్లో తెలుగు మరొకటి ఎందుకని ఆయన ప్రశ్న వేశారు. ఇక్కడి మిసెస్ ఎ.వి.ఎన్. కాలేజీ ప్రిన్సిపాల్ పి.టి. శ్రీనివాస అయ్యంగారిని అడిగితే, ఆయన గురజాడ, గిడుగు పేర్లు చెప్పారు. తనిఖీకి వచ్చిన అధికారి, ప్రిన్సిపాల్, కవి, బడిపంతులు నలుగురూ కూర్చుని, పిల్లలకు పాఠం ఎలా చెబితే అర్థమవుతుందో ఆలోచించారు. తెలుగు బోధనలో పెద్ద మార్పుకు అక్కడే బీజం పడింది.

సవర పిల్లలు ఇంటి భాషలోనే బాగా నేర్చుకుంటారని చూసిన మనిషి, తెలుగు పిల్లల విషయంలోనూ అదే మాట అన్నారంటే ఆశ్చర్యం లేదు. 1911లో, సుమారు 30 ఏళ్ల సర్వీసు తర్వాత పదవీ విరమణ చేసి, మిగిలిన జీవితం ఆ పనికే ఇచ్చారు. స్కూల్ ఫైనల్ వ్యాసాన్ని వాడుక భాషలో రాయడానికి దొరికిన అనుమతి కొద్దికాలానికే రద్దయింది. ఆయన వెనక్కి తగ్గలేదు. 1919లో ‘తెలుగు’ అనే పత్రిక నడిపారు. 1938లో ఆంధ్ర విశ్వవిద్యాలయం కళాప్రపూర్ణ ఇచ్చి గౌరవించింది. 1940 జనవరి 22న కన్నుమూశారు.

ఈ జీవితం నుంచి మీరూ, మేమూ తీసుకోవలసింది ఒకటుంది. మంచి టీచరు మొదటి రోజే తయారై రారు. ఇప్పుడు బీఈడీలో భాగంగా బడిలో ఇంటర్న్‌షిప్ ఉంటుంది. అయినా సొంత తరగతి చేతికొచ్చాక ఎదురయ్యేవి వేరు. అల్లరిని ఎలా అదుపు చేయాలి, వెనకబడిన పిల్లవాణ్ణి ఎలా అందుకోవాలి, ఆందోళనతో వచ్చిన తల్లిదండ్రులతో ఎలా మాట్లాడాలి అన్నవి పక్కన అనుభవం ఉన్నవాళ్లుంటే త్వరగా వస్తాయి. లేకపోతే ఆ నేర్చుకునే కాలం భారం పిల్లల మీద పడుతుంది. గిడుగు వారిలా ఒంటరిగా ఈదగలిగేవాళ్లు అందరూ ఉండరు.

అందుకే మీకు మూడు విన్నపాలు. కొత్త టీచరు రాగానే సెక్షన్ మార్చమని అడిగే ముందు కొన్ని వారాలు ఆగండి. ఇంట్లో పిల్లల ఎదుట టీచరును తక్కువ చేసి మాట్లాడకండి. మీ బిడ్డ దేనికి భయపడతాడో, దేనికి ఉత్సాహపడతాడో మీ అంతట మీరే వెళ్లి చెప్పండి. అది ఏ ట్రైనింగ్‌లోనూ దొరకని సమాచారం.

బడిని కూడా ప్రశ్నించండి. కొత్త టీచరుకు తోడుగా ఏ సీనియర్ టీచరు ఉన్నారు? వాళ్లు ఒకరి తరగతిలో ఒకరు కూర్చుని చూసుకునే సమయం టైంటేబుల్‌లో ఉందా? వచ్చే పేరెంట్స్ మీటింగ్‌లో మార్కులతో పాటు ఈ సంగతీ అడగండి. ఫీజు కట్టే మీకు ఆ హక్కు ఉంది. దానికి సమాధానం చెప్పాల్సిన బాధ్యత బడిది.