ఆ మాటలు తీసేయమన్నారు.. కుదరదన్నాడు! హాలీవుడ్ సెన్సార్‌ను ఢీకొట్టిన ఒట్టో ప్రెమింగర్

ముద్దులకు మించి తెర మీద ఏమీ లేదు. గొడవంతా మాటలతోనే. 'వర్జిన్' లాంటి మాటలు పలికినందుకు ఓ రొమాంటిక్ కామెడీ 1953లో అమెరికాను కుదిపేసింది. ఆ సినిమా పేరు 'ది మూన్ ఈజ్ బ్లూ'. డైరెక్టర్ ఒట్టో ప్రెమింగర్.

1905లో ఆస్ట్రియా-హంగరీలోని ఓ యూదు కుటుంబంలో పుట్టాడాయన. తండ్రి ప్రభుత్వ ప్రాసిక్యూటర్. ఒట్టో కూడా వియన్నాలో లా చదివాడు. కానీ మనసంతా నాటకాల మీదే. 1935లో అమెరికా వెళ్లి, 1944లో 'లారా'తో పెద్ద డైరెక్టర్ అయ్యాడు.

బ్రాడ్‌వేలో తానే డైరెక్ట్ చేసిన హిట్ నాటకాన్ని తర్వాత సినిమాగా తీశాడు. కథ సింపుల్. ఎంపైర్ స్టేట్ బిల్డింగ్ పైన ఓ అమ్మాయి, అబ్బాయి కలుస్తారు. పెళ్లయ్యేదాకా హద్దు దాటేది లేదని ఆ అమ్మాయి మొహం మీదే చెప్పేస్తుంది. చివరికి కథ పెళ్లి ప్రపోజల్‌తోనే ముగుస్తుంది. అయినా అలాంటి విషయాలను సరదాగా మాట్లాడుకోవడమే తప్పన్నారు.

అప్పట్లో హాలీవుడ్ నిర్మాతలే పెట్టుకున్న 'ప్రొడక్షన్ కోడ్' ఉండేది. దాని ముద్ర లేకుండా పెద్ద సినిమా రిలీజ్ చేయడమంటే సాహసమే. కోడ్ ఆఫీస్ ముద్ర ఇవ్వనంది. క్యాథలిక్కుల సంస్థ 'లీజియన్ ఆఫ్ డీసెన్సీ' సినిమాను చూడొద్దంది. థియేటర్లు వెనక్కి తగ్గితే ఒట్టో మునిగినట్టే. కానీ నిర్మాత కూడా ఆయనే. కోత పెట్టేదే లేదన్నాడు. యునైటెడ్ ఆర్టిస్ట్స్ అండగా నిలబడి, ముద్ర లేకుండానే రిలీజ్ చేసింది.

కాన్సాస్, ఒహాయో, మేరీలాండ్ రాష్ట్రాలు నిషేధం పెట్టాయి. జనం మాత్రం ఎగబడ్డారు. సినిమా హిట్. మూడు ఆస్కార్ నామినేషన్లూ వచ్చాయి. మేరీలాండ్ నిషేధాన్ని అక్కడి కోర్టు కొట్టేసింది. కాన్సాస్ కేసు ఏకంగా అమెరికా సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. 1955లో ఆ నిషేధమూ పోయింది.

అదే ఏడాది డ్రగ్స్ వ్యసనంపై 'ది మ్యాన్ విత్ ది గోల్డెన్ ఆర్మ్' తీశాడు ఒట్టో. మళ్లీ ముద్ర రాలేదు. మళ్లీ రిలీజ్ ఆగలేదు. దీంతో ఆ ముద్ర లేకపోయినా సినిమా ఆడుతుందని అందరికీ అర్థమైపోయింది. 1956లో కోడ్‌ను సడలించక తప్పలేదు. 1961లో ఈ రెండు సినిమాలకూ ముద్ర వేసిచ్చారు. 1968లో కోడ్ పోయి, వయసును బట్టి రేటింగ్స్ వచ్చాయి.

1986లో న్యూయార్క్‌లో 80 ఏళ్ల వయసులో ఒట్టో కన్నుమూశాడు. ఆయన్ను అంత ఇబ్బంది పెట్టిన సినిమాను ఇప్పుడు చూస్తే.. ఇందులో గొడవ చేయడానికి ఏముందా అనిపిస్తుంది. ఆయన గెలుపు అదే.